మన ఊరి అద్దకం కథ

బందరు అన్న మాటా, కలంకారీ అన్న మాటా రెండూ పారశీక భాష నుంచి వచ్చినవే. బందరు అంటే రేవు. కలం మనకు తెలిసిన కలమే, కారీ అంటే పని. ఈ రెండు మాటల్నీ మనం ఎంతగా సొంతం చేసుకున్నామంటే, అవి ఓడెక్కి వచ్చాయంటే ఇప్పుడు ఎవరూ నమ్మరు. నిజం చెప్పాలంటే, మనం చదువుకునే రోజుల్లో పెడనలో ఆ పని చేసే ఇళ్లలో కలంకారీ అన్న మాట పెద్దగా వినపడేది కాదు. అద్దకం అనేవాళ్లు. "మా నాన్న అద్దకానికి వెళ్లాడు సార్" అని హాజరు పలికేటప్పుడు చెప్పిన పిల్లలు మన తరగతిలోనే ఉన్నారు. శ్రీకాళహస్తిలో వెదురు కలంతో గీసేదాన్ని వ్రాతపని అంటారు. మనది చెక్క అచ్చుతో అద్దేది. ఈ తేడా వెనక పెద్ద కథే ఉంది, దాని సంగతి కాస్త ఆగి చెబుతాను.

స్వర్ణోత్సవ సంచికకు ఏదైనా రాయమని సంఘం మిత్రులు అడిగినప్పుడు, బడి జ్ఞాపకాలు రాసేవాళ్లు ఎలాగూ చాలామంది ఉంటారు గనక నేను ఊరి సంగతి రాస్తానన్నాను. ముప్ఫై ఏళ్లు చరిత్ర పాఠాలు చెప్పినవాణ్ణి, అలవాటు పోదు. మన సాంఘిక శాస్త్రం పుస్తకంలో బందరు గురించి ఉన్నది ఒకటి రెండు వాక్యాలే. ఆంగ్లేయులు 1611లో మచిలీపట్నంలో వర్తక స్థావరం పెట్టారు అని ఒకటి. దానికి కింద గీత గీసుకుని బట్టీపట్టాం. ఆంగ్లేయులు ఇక్కడికే ఎందుకొచ్చారని మేము అడగలేదు, మాస్టారూ చెప్పలేదు. జవాబు మాత్రం ఆ తరగతిలోనే మూడో బెంచీ మీద కూర్చుని ఉంది, గోళ్ల సందుల్లో నల్లరంగుతో.

వాళ్లు వచ్చింది గుడ్డల కోసం. ఆ గుడ్డలు కూడా మొదట తమ దేశానికి కాదు. మిరియాలు, లవంగాలు, జాజికాయ దొరికే తూర్పు దీవుల వాళ్లు తమ సరుకుకు బదులుగా కోరమాండల్ తీరపు రంగుబట్టలు అడిగేవాళ్లు. కాబట్టి సుగంధ ద్రవ్యాలు కావాలంటే ముందు బందరు రావాలి. డచ్చివాళ్లు ఆంగ్లేయులకన్నా ఐదారేళ్లు ముందే ఈ రహస్యం పట్టుకుని ఇక్కడా, నిజాంపట్నంలోనూ దిగారు. 1669లో ఫ్రెంచివాళ్లూ వచ్చారు. అయితే వీళ్లందరికంటే ముందు నుంచీ ఈ రేవులో బేరం చేస్తున్నది పర్షియా వర్తకులు. గోల్కొండ సుల్తానులకు ఇదే పెద్ద రేవు. ఆ దర్బారులో పర్షియా వాళ్ల పలుకుబడి ఎక్కువ. అందుకే మన అద్దకంలో ఇవాళ్టికీ సరుగుడు లాంటి ఆ సైప్రస్ చెట్టు, మసీదు గూడు ఆకారపు చట్రం, అల్లుకునే తీగలు, చిలకలు, నెమళ్లు కనిపిస్తాయి. శ్రీకాళహస్తి గుడ్డ మీద రామాయణం నడుస్తుంది. మన గుడ్డ మీద మనిషి బొమ్మ అరుదు. కొనేవాడి ఇష్టాన్ని బట్టి వచ్చిన తేడా అది.

ఆ కాలంలో ఈ దేశం తిరిగిన యాత్రికులు చాలామంది ఈ గుడ్డల గురించి రాశారు. 1618 నుంచి 1622 వరకు బందరులో ఉన్న ఆంగ్లేయ వర్తకుడు విలియం మెథ్వోల్డ్ ఇక్కడి ఎర్రరంగు వేరును ప్రత్యేకంగా ప్రస్తావించాడు. ఫ్రెంచి వజ్రాల వ్యాపారి తావెర్నియే, కలంతో రంగులు వేసే చీటిగుడ్డలు గోల్కొండ రాజ్యంలో ముఖ్యంగా మచిలీపట్నం చుట్టుపక్కల తయారవుతాయని రాశాడు. మొగలు చక్రవర్తి డేరాల్లోకి వెళ్లి చూసిన బెర్నియే, లోపలి గోడలకు మచిలీపట్నపు పూలగుడ్డలు కట్టారనీ, పూలతోటలో నిలబడినట్టు ఉందనీ మెచ్చుకున్నాడు. ఢిల్లీ పాదుషా డేరాకు లోపలి పూత మన ఊళ్లది. ఈ మాట మన బడి గోడ మీద రాయించినా తప్పులేదనిపిస్తుంది నాకు.

ఇంతమందిని పట్టి లాగిన గొప్ప ఏమిటి? ఉతికితే రంగు పోకపోవడం. ఆ రోజుల్లో ఐరోపాలో నూలుగుడ్డ మీద బొమ్మలద్దేవాళ్లకు ఉతుకుకు ఆగే రంగులు చేతకాలేదు. నూలుకు రంగు అంత తేలిగ్గా పట్టదు. పట్టు, ఉన్ని అయితే పీల్చుకుంటాయి. నూలుకు మధ్యవర్తి కావాలి. ఆ మధ్యవర్తిని కనిపెట్టి, గుడ్డ మీద ఎక్కడ కావాలో అక్కడే కూర్చోబెట్టడం మన తీరంవాళ్ల విద్య.

ఇది కొంచెం నిదానంగా చెప్పాలి, ఎందుకంటే అసలు అందం ఇక్కడే ఉంది. ముందు గుడ్డను నానబెట్టి, ఉతికి, గంజి పోగొడతారు. తర్వాత కరక్కాయ పొడి కలిపిన గేదెపాలలో ముంచి ఎండబెడతారు. కరక్కాయలో వగరు ఉంది, పాలలో వెన్న ఉంది. ఆ వెన్న వల్ల రంగు అద్దిన చోటు నుంచి పక్కకు పాకదు. ఇనుప ముక్కలు, బెల్లం, నీళ్లు కుండలో వేసి కొన్ని వారాలు పులియబెడితే కసింకారం తయారవుతుంది. దాన్ని అచ్చుతో అద్దగానే కరక్కాయ వగరుతో కలిసి అక్కడికక్కడే నల్లబడుతుంది. మన తాతలు తాటాకులు వదిలి కాగితం మీద రాయడానికి కాచుకున్న కరక్కాయ సిరా సూత్రం కూడా ఇదే. ఇప్పుడు ఎరుపు. ఎర్రగా ఉండాల్సిన చోట ఎర్రరంగు అద్దరు. పటిక నీళ్లలో తుమ్మజిగురు కలిపి అద్దుతారు. ఆ పటికకు రంగు ఉండదు. ఆ గుడ్డను పారేనీళ్లలో ఉతికి, ఎర్రరంగు కలిపిన నీళ్లున్న రాగి పాత్రలో వేసి కట్టెల మంట మీద ఉడికిస్తారు. గుడ్డంతా ఒకే నీళ్లలో ఉడుకుతుంది. పటిక ఉన్నచోటే ఎరుపు పట్టుకుంటుంది, ఇనుము ఉన్నచోట నలుపు నిలబడుతుంది. మిగిలిన చోట అంటిన మురికి ఎరుపును పేడనీళ్లతో, ఎండతో, కాలవ గట్టున మళ్లీమళ్లీ నీళ్లు చల్లి పోగొడతారు. పసుపు, నీలం ఆ తర్వాత. పూర్వం నీలిమందులో ముంచేటప్పుడు మిగతా భాగాలకు మైనం పట్టించి కాపాడేవాళ్లు. నీలం మీద పసుపు వేస్తే ఆకుపచ్చ.

మా రసాయన శాస్త్రం మాస్టారు పటికకు ఉపయోగాలు చెప్పేటప్పుడు నీళ్లు తేర్చడం, గడ్డం గీసుకున్నాక రాసుకోవడం రెండూ చెప్పేవారు. మూడోది చెప్పాల్సింది తరగతిలో ఉన్న మా వీరేశం. (అసలు పేరు అది కాదు. రాయొద్దన్నాడు, రాయను.) వాడికి ఆ మాస్టారు పెట్టిన పరీక్షలో ఎన్నడూ పాసు మార్కులు రాలేదు. వాళ్ల నాన్న మాత్రం ఏ తూకమూ లేకుండా, పటిక నీళ్ల బొట్టు నాలుక మీద వేసుకుని బలం సరిపోయిందో లేదో చెప్పేవాడు.

ఆ పాతకాలపు ఎరుపు చిరివేరు నుంచి వచ్చేది. సముద్రం దగ్గరి ఇసకనేలల్లో పెరిగే చిన్న మొక్క అది. వేరు సన్నగా, పొడుగ్గా ఉంటుంది. సామర్లకోటలో కుంఫిణీ వైద్యుడిగా పనిచేస్తూ మన మొక్కలన్నీ బొమ్మలు వేయించిన విలియం రాక్స్‌బర్గ్ 1795లో మొదలైన తన కోరమాండల్ మొక్కల గ్రంథంలో దీనికీ చోటిచ్చాడు. కృష్ణ ముఖద్వారానికి అటూ ఇటూ ఉన్న ఇసకలో పెరిగిన వేరుకు గిరాకీ ఎక్కువ. అంటే మనం పనికిరాదనుకున్న చవిటిపర్రలే ఒకప్పుడు సముద్రాల అవతలికి ఎరుపును పంపాయి.

ఐరోపాలో ఈ గుడ్డల మోజు ఎంతవరకు పోయిందంటే ప్రభుత్వాలు భయపడ్డాయి. ఫ్రాన్సు 1686లో వీటి దిగుమతినీ, తమ దేశంలో వీటిని అనుకరించడాన్నీ నిషేధించింది. 1759 దాకా ఆ నిషేధం నడిచింది. ఇంగ్లండు 1700లో ఆసియా రంగుగుడ్డల అమ్మకాన్ని తమ దేశంలో ఆపుతూ చట్టం చేసింది. అదీ చాలక 1721లో అసలు అద్దకపు నూలుబట్టలు కట్టుకోవడమే నేరం చేసింది. దానికి రెండేళ్ల ముందు లండన్‌లో పట్టు, ఉన్ని నేతగాళ్లు వీధుల్లో అద్దకపు గౌన్లు వేసుకున్న ఆడవాళ్ల మీద పడి బట్టలు చింపారు. నేతగాడి పొట్ట కొడితే నేతగాడు ఏం చేస్తాడో అక్కడా ఇక్కడా ఒకటే. వంద నూటయాభై ఏళ్ల తర్వాత మన నేతగాళ్ల పొట్ట కొట్టింది అదే దేశపు మరనూలు. కాకపోతే మనవాళ్లను కాపాడటానికి ఎవరూ చట్టం చేయలేదు.

ఈ విద్య మన చేతుల్లోంచి ఎలా జారిందన్నదాని మీద చాలా కోపంగా మాట్లాడేవాళ్లను చూశాను. దొంగిలించారంటారు. నాకు అంత తేలిగ్గా తోచదు. 1742లో కేర్దూ అనే ఫ్రెంచి జెసూట్ ఫాదిరీ దక్షిణాది నుంచి తన దేశానికి ఒక లేఖ రాశాడు. అందులో చీటిగుడ్డల తయారీ మొదటి నుంచి చివరి దాకా ఉంది. తన దగ్గర మతం పుచ్చుకున్న అద్దకపు వాళ్లను అడిగి తెలుసుకున్నాడు. వాళ్లు దాచుకోకుండా చెప్పారు. గురువు అడిగితే చెప్పకుండా ఎలా ఉంటారు? సంస్కృతానికీ లాటిన్‌కూ చుట్టరికం ఉందని ముందుగా గుర్తించినవాళ్లలో ఈయన ఒకడు. తెలుగుకు నిఘంటువు తయారుచేసినవాడు కూడా. మన భాషకు మేలు చేసిన చెయ్యీ, మన రంగుల రహస్యం రాసి పంపిన చెయ్యీ ఒకటే. ఆయన్ని ఏ గూట్లో పెట్టాలో నాకు ఇప్పటికీ తేలలేదు.

అసలు దెబ్బ మాత్రం ఆ లేఖ వల్ల తగల్లేదు. 1868లో గ్రేబే, లీబర్మన్ అనే ఇద్దరు జర్మన్ శాస్త్రవేత్తలు అలిజరిన్‌ను ప్రయోగశాలలో తయారుచేశారు. ఐరోపాలో ఎరుపునిచ్చే మంజిష్ఠ జాతి వేరులో ఉన్న రంగు అదే, మన చిరివేరులో ఉన్నదీ అదే. తారు నుంచి తీసిన ఆ పొడి డబ్బాల్లో వచ్చి పడ్డాక, ఇసకలో వేర్లు తవ్వేవాడికి పని లేకపోయింది. 1897 నాటికి నీలిమందుకూ అదే గతి. దీనికి నాలుగేళ్ల ముందే, 1864 నవంబరు 1న, బందరు మీద ఉప్పెన పడింది. 30,000 మంది దాకా పోయారంటారు. ఆ తర్వాత రేవు పాత కళకు రాలేదు. పెద్ద ఓడలు ఎప్పుడో మద్రాసు వైపు తిరిగాయి.

మిగిలింది పర్షియా బేరం. 19వ శతాబ్దమంతా బందరు దుప్పట్లు, నమాజు గుడ్డలు, గోడ తెరలు అటు వెళ్తూనే ఉన్నాయి. కలం వెనక్కిపోయి అచ్చు ముందుకొచ్చిన కథ ఇదే. రాజుగారి డేరాకు ఒక్క తెర కావాలంటే కలంతో నెలల తరబడి గీయొచ్చు. బజారులో అమ్మడానికి ఒకే నమూనాలో వందలు కావాలంటే, అవీ చౌకగా కావాలంటే, అచ్చు తప్పదు. పేరులో కలం మిగిలింది, చేతిలో అచ్చు మిగిలింది. దీన్ని పతనం అనేవాళ్లున్నారు. అచ్చు చెక్కేవాణ్ణి చూస్తే ఆ మాట అనరు. టేకు చెక్క మీద నమూనా గీసుకుని, సన్న ఉలితో చెక్కుతూ, తాడు చుట్టిన బరమాతో బెజ్జాలు వేస్తూ, వెంట్రుకంత గీతను నిలబెడతాడు. గీతలకొక అచ్చు, లోపల నింపే ఒక్కో రంగుకు ఒక్కో అచ్చు. నాలుగూ ఒకదాని మీద ఒకటి సరిగ్గా కూర్చోవాలి.

ఇరవయ్యో శతాబ్దం మొదట్లో ఆ పర్షియా బేరమూ సన్నగిల్లింది. స్వదేశీ ఉద్యమం రోజుల్లో కోపల్లె హనుమంతరావు, ముట్నూరి కృష్ణారావు, పట్టాభి సీతారామయ్య గార్లు బందరులో జాతీయ కళాశాల పెట్టి చదువుతో పాటు చేతిపనికీ పీట వేశారు. స్వాతంత్ర్యం వచ్చాక కమలాదేవి ఛటోపాధ్యాయ ఊరూరూ తిరిగి మూలపడ్డ పనుల్ని వెతికారు. శ్రీకాళహస్తిలో 1957లో శిక్షణ కేంద్రం వచ్చింది. అక్కడి నుంచే జొన్నలగడ్డ గురప్పశెట్టి గారి వంటివారు 2008లో పద్మశ్రీ దాకా వెళ్లారు. వ్రాతపనికి వచ్చిన పేరులో పావు వంతు కూడా అచ్చుపనికి రాలేదని నా ఫిర్యాదు. కలం పట్టినవాడు కళాకారుడు, అచ్చు పట్టినవాడు కూలీ అన్న లెక్క మనలో ఎవరు పెట్టారో గానీ గట్టిగా పాతుకుపోయింది.

1977 నవంబరు 19 ఉప్పెన నాటికి మేము తొమ్మిదో తరగతి. దివిసీమతో పోలిస్తే మన ఊరికి తగిలింది తక్కువే. బడి తెరిచాక వీరేశం రాలేదు. చూసి రమ్మంటే వెళ్లాను. పటిక అద్ది ఉతకడానికి సిద్ధంగా ఉంచిన గుడ్డలన్నీ తడిసి, పటిక కరిగి, తెల్లగా అయిపోయాయి. నెలల పని అది. వాళ్ల నాన్న వాటి మొహం కూడా చూడకుండా, అటక మీదికెక్కించి కాపాడిన అచ్చుల్ని ఒక్కొక్కటీ తీసి తుడిచి నూనె రాస్తున్నాడు. "గుడ్డ మళ్లీ అద్దుకోవచ్చు బాబూ, అచ్చు పోతే చెక్కేవాడు లేడు" అన్నాడు.

మొన్న సంక్రాంతికి వెళ్లినప్పుడు ఆ అచ్చుల్లో కొన్ని ఓ నగరంలోని అలంకరణ వస్తువుల దుకాణానికి అమ్మేశానని వీరేశం చెప్పాడు. గోడకు తగిలించుకుంటారట. ఏరా, నాన్న కాపాడినవి కదా అన్నాను. "అరిగిపోయినవేలే" అన్నాడు. కాసేపాగి, "అరగనివి రెండు కూడా పోయాయిరా" అన్నాడు.

వాడి బాధ డబ్బు గురించి మాత్రమే కాదు. స్క్రీన్ వేసి రసాయనపు రంగులతో గంటలో లాగేసిన గుడ్డ కూడా దుకాణంలో కలంకారీయే. మిల్లులో అచ్చయిన చీర కూడా కలంకారీయే. శ్రీకాళహస్తికీ, మచిలీపట్నానికీ భౌగోళిక గుర్తింపు ఉంది. అయినా బేరమాడేవాళ్లు చూసేది ధరే. ఇరవై రోజులు, పదిసార్లు నీళ్లు చూసిన గుడ్డ, ఒక పూటలో అయిన గుడ్డ పక్కపక్కనే పడుంటే ఎవరేది తీస్తారో చెప్పనక్కర్లేదు. "స్క్రీన్ వేసేవాడూ మా వాడేరా, వాడికీ పిల్లలున్నారు, వాణ్ణేమంటాం" అన్నది వీరేశం మాటే. వాడి కొడుకు హైదరాబాదులో ఉద్యోగంలో ఉన్నాడు. అక్కడి మిత్రులకు తండ్రి పని గురించి చెబుతాడా అని అడిగాను. వ్యాపారం అని చెబుతాడట.

మన గొప్ప చెప్పుకునేటప్పుడు ఒక సంగతి దాచకూడదు. నేటి పెడన ఎరుపు చిరివేరుది కాదు, అలిజరిన్‌దే. వంద ఏళ్లకు పైగా అంతే. అంతా చెట్టూచేమల రంగే అని అమ్మేవాళ్లు అబద్ధమాడుతున్నారు. అయితే కరక్కాయ, పాలు, కసింకారం, పటిక, రాగి పాత్ర, కాలవ నీళ్లు మారలేదు. అలిజరిన్ కూడా పటిక లేకపోతే గుడ్డకు పట్టదు. విద్య ఆ మధ్యవర్తిలో ఉందని ముందే చెప్పాను కదా.

కొనబోయే మిత్రులకు ఒక ఉపాయం. గుడ్డ తిప్పి వెనకవైపు చూడండి. ఉడికిన రంగు దారంలోకి దిగి వెనక కూడా కనిపిస్తుంది, పైపూత వెనక తెల్లబోతుంది. అచ్చుకూ అచ్చుకూ మధ్య అతుకు దగ్గర వెంట్రుకవాసి తేడా ఎక్కడో ఒకచోట దొరుకుతుంది. అంతా తీర్చిదిద్దినట్టు ఒకేలా ఉంటే అనుమానించండి. మొదటి ఉతుకుకు ముందు ముక్కు దగ్గర పెట్టుకుంటే కొంచెం పాలవాసన, కరక్కాయ వగరు తెలుస్తాయి.

స్వర్ణోత్సవం వేదికకు వెనక తెరగా పదహారు గజాల గుడ్డ వీరేశానికి అప్పగించాం. అంచుకు చిలకలు, నడుమ మన బడి వేపచెట్టు. వేపచెట్టుకు కొత్త అచ్చు చెక్కించాలన్నాడు. ఇంకా చెక్కగలిగినవాళ్లు ఊళ్లో ఉన్నారు, చెక్కారు కూడా. నలుపు అద్దడం అయింది, పటిక అద్దడం అయింది. వేసవి మరమ్మతులకని కాలవ కట్టేశారు గనక పని అక్కడ ఆగింది. బోరునీళ్లలో ఉతికేయరాదా అన్నాడు మా కోశాధికారి. ఉప్పునీళ్లకు ఎరుపు చెడుతుందని వీరేశం ఒప్పుకోలేదు. కాలవ వదిలిన వారానికి ఇస్తానన్నాడు.